అన్నం నుంచి అభయం దాకా: కుటుంబ ఆస్తి తగాదాల్లో వృద్ధ తల్లిదండ్రులకు చట్టరక్షణ – చారిత్రక పరిశీలన

వ్యాససంగ్రహం:

వృద్ధులైన తల్లిదండ్రులను పోషించడం సంతానం విధి అని భారతీయ న్యాయసంప్రదాయం ప్రాచీనకాలం నుంచి చెబుతూనే ఉంది. ఆస్తి కోసం సొంత బిడ్డలే బెదిరించినప్పుడు ఆ తల్లిదండ్రులను కాపాడే చట్టం మాత్రం చాలా ఆలస్యంగా వచ్చింది. ధర్మశాస్త్రాల నుంచి 2007 నాటి తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టం వరకు, ఆ తర్వాత 2025 వరకు సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుల వరకు సాగిన ఈ పరిణామాన్ని ఈ వ్యాసం పరిశీలిస్తుంది. పోషణ, నిర్బంధం అనే రెండు విషయాలను చట్టం చాలాకాలం వేరువేరు దారుల్లో నడిపించిందనీ, 2007 చట్టంలోని 23వ సెక్షను ఆ రెండింటినీ కలిపిందనీ, అయితే దస్తావేజులో షరతు ఉండాలన్న నియమం వల్ల ఎక్కువ భయంలో ఉన్నవారికే తక్కువ రక్షణ దక్కుతోందనీ ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: వయోవృద్ధులు, పోషణ, మితాక్షర, అనుచిత ప్రభావం, దాన దస్తావేజు, 23వ సెక్షను, ట్రిబ్యునల్.

1. ఉపోద్ఘాతం

2011 జనాభా లెక్కల ప్రకారం భారతదేశంలో 60 ఏళ్లు దాటినవారు సుమారు 10.4 కోట్ల మంది. వీరిలో ఇల్లో, పొలమో, స్థలమో తమ పేరున ఉన్నవారికి ఆ ఆస్తి వృద్ధాప్యంలో ఆధారం కావాలి. కొన్ని కుటుంబాల్లో అదే ఆస్తి వారి భయానికి కారణమవుతోంది. రాసివ్వమని ఒత్తిడి చేయడం, రాసివ్వకపోతే అన్నం పెట్టబోమనడం, మందులు ఆపడం, మనవలను దగ్గరకు రానివ్వకపోవడం, గది మార్చి మూలకు నెట్టడం, చేయి చేసుకుంటామని బెదిరించడం ఈ ఒత్తిడికి ఉండే రూపాలు. వీటిలో కొన్ని నేరాలు. కొన్ని ఏ శిక్షాస్మృతికీ అందనివి. అన్నింటి గమ్యం మాత్రం ఒకటే: దస్తావేజు మీద సంతకం లేదా వేలిముద్ర.

ఈ స్థితిని చట్టం ఎప్పుడు గుర్తించింది? ఏ పేరుతో గుర్తించింది? గుర్తించిన తర్వాత ఇచ్చిన రక్షణ ఎంతవరకు చేరింది? ఈ మూడు ప్రశ్నలకు సమాధానం వెదకాలంటే తల్లిదండ్రుల పోషణ చరిత్రనూ ఆస్తి బదిలీ చరిత్రనూ పక్కపక్కన పెట్టి చూడాలి.

2. ధర్మశాస్త్రాల్లో పోషణ, ఆస్తి

స్మృతులు వృద్ధులైన తల్లిదండ్రులను తప్పక పోషించవలసినవారి వరుసలో నిలిపాయి. మనువు పేరుతో ప్రచారంలో ఉన్న విధి ప్రకారం ఆ బాధ్యతకు పేదరికం సాకు కాదు. కౌటిల్యుని అర్థశాస్త్రం దీనిని నైతిక బోధగా వదిలేయక రాజదండనకు ముడిపెట్టింది. శక్తి ఉండి కూడా బిడ్డలను, భార్యను, తల్లిదండ్రులను, మైనరు సోదరులను, దిక్కులేని ఆడతోబుట్టువులను పోషించనివానికి 12 పణాల జరిమానా విధించింది. పతితులైనవారి విషయంలో ఈ బాధ్యతకు మినహాయింపు ఉన్నా తల్లి విషయంలో ఆ మినహాయింపు వర్తించదని స్పష్టం చేసింది. పోషణను రాజ్యం అమలు చేయించదగిన బాధ్యతగా చూసిన తొలి ఉదాహరణల్లో ఇది ఒకటి.

ఆస్తి విషయంలో తెలుగు నేలను శాసించిన గ్రంథం మితాక్షర. కల్యాణి చాళుక్య చక్రవర్తి ఆరవ విక్రమాదిత్యుని కాలంలో విజ్ఞానేశ్వరుడు యాజ్ఞవల్క్యస్మృతికి రాసిన వ్యాఖ్య ఇది. 13వ శతాబ్దంలో తిక్కనకు సమకాలికుడైన కేతన దీనిని ‘విజ్ఞానేశ్వరీయము’గా తెలుగులోకి తెచ్చాడు. న్యాయవిషయాన్ని తెలుగు పద్యంలో చెప్పిన ఈ గ్రంథం దాయభాగ నియమాలు సంస్కృత పండితుల పరిధి దాటి తెలుగులోనూ వ్యవహరించేవన్న దానికి సాక్ష్యం.

మితాక్షర మూలసూత్రం ప్రకారం పిత్రార్జితంలో కొడుక్కి పుట్టుకతోనే హక్కు వస్తుంది. వంగదేశంలో చెల్లిన దాయభాగ పద్ధతిలో తండ్రి మరణించిన తర్వాతే కొడుకు హక్కు పుడుతుంది. ఈ తేడా తల్లిదండ్రుల వృద్ధాప్యం మీద నేరుగా ప్రభావం చూపింది. తండ్రి బతికి ఉండగానే కొడుకు భాగం అడగవచ్చన్న సూత్రాన్ని 19వ శతాబ్దంలో ఆంగ్లేయ న్యాయస్థానాలు స్థిరపరిచాక, తండ్రి ఇంటి యజమాని స్థానం నుంచి వాటాదారు స్థానానికి దిగాడు. అతని పోషణ భాగపంపకాల పత్రంలో ఒక అంశంగా మారింది.

తల్లి పరిస్థితి ఇంకా బలహీనం. పంపకం జరిగినప్పుడు తల్లికీ భార్యకూ వాటా ఇవ్వాలని మితాక్షర చెప్పినా, దక్షిణాదిలో, అంటే మద్రాసు రాజధాని న్యాయస్థానాల పరిధిలో, ఆ ఆచారం లుప్తమైపోయిందని న్యాయస్థానాలు పరిగణించాయి. కనుక తెలుగు జిల్లాల్లో వృద్ధురాలైన తల్లికి మిగిలింది పోషణ హక్కు మాత్రమే. ఆమె పేరున ఆస్తి లేదు. ఆస్తి లేదు కాబట్టి ఆస్తి కోసం బెదిరింపూ లేదు. ఆమె ఆకలికి మాత్రమే చట్టం జవాబు చెప్పేది. పోషణే రక్షణ అన్న దృష్టి చాలాకాలం నిలవడానికి ఇది ఒక కారణం.

3. వలసపాలన కాలం: వేరుపడిన రెండు దారులు

19వ శతాబ్దం రెండో సగంలో వచ్చిన స్మృతులు ఈ విషయాన్ని రెండు దారులుగా విడదీశాయి. ఒకటి నిర్బంధానికి సంబంధించినది, రెండోది పోషణకు సంబంధించినది.

నిర్బంధం దారి 1872 భారత ఒప్పందాల చట్టంతో మొదలైంది. ఆ చట్టం 15వ సెక్షను నిర్బంధాన్నీ, 16వ సెక్షను అనుచిత ప్రభావాన్నీ నిర్వచించాయి. వయస్సు, అనారోగ్యం, శారీరక లేక మానసిక బాధ కారణంగా మనోశక్తి తగ్గినవారితో ఒప్పందం చేసుకున్న వ్యక్తిని, ఎదుటివారి ఇచ్ఛను శాసించే స్థానంలో ఉన్నవానిగా భావించాలని 16వ సెక్షను చెబుతుంది. అటువంటి ఒప్పందం చూడగానే అన్యాయంగా కనిపిస్తే, అనుచిత ప్రభావం లేదని రుజువు చేసుకునే భారం లబ్ధిదారునిదే. వృద్ధాప్యాన్ని పేరుపెట్టి రక్షించిన తొలి ఆధునిక నియమం ఇదే అనవచ్చు. అదే సంవత్సరం వచ్చిన సాక్ష్య చట్టం 111వ సెక్షను నమ్మకానికి పాత్రుడైన వ్యక్తి తాను నిజాయతీగా వ్యవహరించానని నిరూపించుకోవాలని చెప్పింది.

ఈ నియమాలు తెలుగు కుటుంబాల్లో ఎలా పనిచేశాయో చెప్పే ప్రసిద్ధ తీర్పు మద్రాసు హైకోర్టుది. 1918 నివేదికల్లో ప్రచురితమైన ఈ వ్యాజ్యం కక్షిదారులు తెలుగువారు. భర్త తాను ఆత్మహత్య చేసుకుంటానని బెదిరించి, భార్య, కొడుకు తమవిగా చెప్పుకునే ఆస్తిపై హక్కు విడుదల పత్రాన్ని తన సోదరుని పేర రాయించాడు. ఆత్మహత్య బెదిరింపు నిర్బంధమేనని ప్రధాన న్యాయమూర్తి వాలిస్, న్యాయమూర్తి శేషగిరి అయ్యర్ తీర్పు చెప్పగా, న్యాయమూర్తి ఓల్డ్‌ఫీల్డ్ విభేదించారు. ఇక్కడ బెదిరింపు పెద్దవాడి నుంచి భార్యాబిడ్డల వైపు సాగింది. అయినా ఈ తీర్పు ఒక సూత్రాన్ని నిలబెట్టింది. కత్తి చూపకుండా, ఇంటి లోపల, అనుబంధాన్నే ఆయుధం చేసి రాయించుకున్న పత్రం కూడా రద్దు కాగలదు. ఇదే సూత్రం తర్వాతి కాలంలో వృద్ధుల దస్తావేజులకూ వర్తించగలిగేది.

కాని ఈ దారిలో పోవాలంటే సివిల్ కోర్టుకు వెళ్లాలి. సంతకం చేసిన ఆ క్షణంలో మనసు స్వేచ్ఛగా లేదని చూపాలి. ఇంటి నాలుగు గోడల మధ్య జరిగినదానికి సాక్షులు ఆ ఇంటివారే. పత్రం రద్దు కోరే దావాకు 1963 పరిమితి కాలం చట్టం ఇచ్చిన గడువు, రద్దుకు ఆధారమైన విషయాలు తెలిసిన నాటి నుంచి 3 సంవత్సరాలు. బెదిరించినవారితోనే ఒకే కప్పు కింద ఉంటూ ఆ గడువులోపల దావా వేసే ధైర్యం ఎందరు వృద్ధులకు ఉంటుంది?

దీనికితోడు 1882 ఆస్తి బదిలీ చట్టం దానాన్ని దాదాపు తిరుగులేనిదిగా చేసింది. రిజిస్టరు చేసి, స్వీకరించబడిన దానాన్ని దాత తన ఇష్టం మీద వెనక్కు తీసుకోలేడు. దాత ఇచ్ఛ మీద ఆధారపడని ఒక నిర్దిష్ట సంఘటన జరిగితే రద్దవుతుందని ఇరుపక్షాలూ ముందే అంగీకరించి ఉండాలి, లేదా ఒప్పందాన్ని రద్దు చేయదగిన కారణం ఏదైనా ఉండాలి. 126వ సెక్షను సారాంశం ఇది. వీలునామా దీనికి పూర్తిగా భిన్నమైనది. రాసినవారు బతికి ఉన్నంతకాలం ఎప్పుడైనా మార్చుకోవచ్చు. అందుకే ఒత్తిడి చేసే వారసులకు వీలునామా చాలదు. వారికి కావలసింది తిరుగులేని పత్రం.

1898లో ప్రివీ కౌన్సిల్ స్వార్జిత స్థిరాస్తిపై తండ్రికి సంపూర్ణాధికారం ఉందని తేల్చింది. ఈ తీర్పు తండ్రి స్వేచ్ఛను పెంచింది. కొడుకు అంగీకారం అవసరం లేకుండా ఇచ్చుకునే హక్కు వచ్చిన చోట, ఆ ఇవ్వడాన్ని తమవైపు తిప్పుకోవాలన్న ఒత్తిడి కూడా పుట్టింది.

పోషణ దారి నేర విచారణ స్మృతిలో నడిచింది. 1898 స్మృతిలోని 488వ సెక్షను భార్యకు, బిడ్డలకు మేజిస్ట్రేటు ద్వారా సత్వర పోషణ ఇప్పించింది. తల్లిదండ్రులు ఆ జాబితాలో లేరు. ఆనాటి శాసనకర్తల దృష్టిలో తండ్రి పోషించేవాడే తప్ప పోషింపబడేవాడు కాడు.

4. స్వాతంత్ర్యానంతరం: పోషణ హక్కు విస్తరణ

రాజ్యాంగం 41వ అధికరణం వృద్ధాప్యంలో ప్రభుత్వ సాయం పొందే హక్కును ఆదేశసూత్రంగా పేర్కొంది. 1956 హిందూ దత్తత, పోషణ చట్టం 20వ సెక్షను వృద్ధులైన లేక అశక్తులైన తల్లిదండ్రులను పోషించే బాధ్యతను కొడుకులతోపాటు కూతుళ్ల మీద కూడా పెట్టింది. అయితే తమ సంపాదనతో గాని ఆస్తితో గాని తమను తాము పోషించుకోలేని స్థితి ఉండాలన్న షరతు దానిలో ఉంది. ఆస్తి ఉన్న తల్లి ఈ సెక్షను కింద పోషణ అడగలేదు. ఆస్తి తన పేరున ఉండి, దాని మీద వచ్చే అద్దె కొడుకు తీసుకుంటూ ఉంటే ఆమె కాగితం మీద సంపన్నురాలు.

అదే ఏడాది వచ్చిన హిందూ వారసత్వ చట్టం 14వ సెక్షను స్త్రీల పరిమిత హక్కును సంపూర్ణ హక్కుగా మార్చింది. 1986లో ఆంధ్రప్రదేశ్ చేసిన సవరణ కూతుళ్లను సహవారసులుగా గుర్తించింది. 2005లో కేంద్రం అదే మార్గంలో దేశమంతటికీ సవరణ తెచ్చింది. చరిత్రలో మొదటిసారిగా పెద్ద సంఖ్యలో తల్లులు ఆస్తి సొంతదారులయ్యారు. స్త్రీకి ఆస్తి హక్కు రావడం న్యాయం. కాని పోషణ తప్ప మరేమీ లేని తల్లిని దృష్టిలో పెట్టుకుని నిర్మించిన రక్షణ, ఆస్తి ఉన్న తల్లికి చాలలేదు. ఆమెకు అన్నంతోపాటు అభయం కూడా కావాలి.

1973 నేర విచారణ స్మృతిలోని 125వ సెక్షను తల్లిదండ్రులను మొదటిసారి చేర్చుకుంది. మతంతో నిమిత్తం లేకుండా అందరికీ వర్తించడం దీని ప్రత్యేకత. 1987లో సుప్రీంకోర్టు వివాహిత అయిన కూతురికీ ఈ బాధ్యత ఉందని తేల్చింది. నెలకు 500 రూపాయలు మించకూడదన్న పరిమితి 2001 సవరణతో పోయింది. ఈ నిబంధన ఇప్పుడు భారతీయ నాగరిక సురక్షా సంహితలో 144వ సెక్షనుగా ఉంది. అయినా ఇది పోషణ మాత్రమే. ఇంటిని, పొలాన్ని, సంతకాన్ని ఇది కాపాడలేదు. బెదిరింపుకు శిక్షాస్మృతిలో 503, 506 సెక్షన్లు ఉన్నాయి. 2024 జూలై 1 నుంచి అవి భారతీయ న్యాయ సంహిత 351వ సెక్షనులోకి చేరాయి. కన్నకొడుకును నేరస్థుడిగా నిలబెట్టడానికి తల్లిదండ్రులు వెనకాడడం వల్ల ఈ సెక్షన్లకు కుటుంబాల్లో ప్రవేశం తక్కువ.

5. 2007 చట్టం: రెండు దారుల కలయిక

ఈ విషయంపై ప్రత్యేక చట్టం అవసరమన్న ఆలోచన 1990ల నుంచి బలపడింది. సింగపూరు 1995లో తల్లిదండ్రుల పోషణకు ప్రత్యేక చట్టం చేసింది. హిమాచల్ ప్రదేశ్ 2001లో తన చట్టం చేసుకుంది. 1999లో కేంద్రం వయోవృద్ధుల జాతీయ విధానం ప్రకటించింది. చివరకు తల్లిదండ్రుల, వయోవృద్ధుల పోషణ, సంక్షేమ చట్టం (2007లో 56వ చట్టం) 2007 డిసెంబరు 29న రాష్ట్రపతి ఆమోదం పొందింది.

ఈ చట్టంలో మూడు కొత్తదనాలు కనిపిస్తాయి. మొదటిది వేదిక. సివిల్ కోర్టుకు బదులు సబ్‌డివిజన్ స్థాయి అధికారి నడిపే ట్రిబ్యునల్ ఏర్పడింది. తెలుగు ప్రాంతంలో ఆ అధికారి రెవెన్యూ డివిజనల్ ఆఫీసరు, అంటే జనం ఆర్డీవో అనేవారు. అప్పీలు జిల్లా కలెక్టరు స్థాయిలో ఉంటుంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ 2011లో నియమావళి రూపొందించింది. రెండోది వేగం. నోటీసు అందిన 90 రోజుల్లో పోషణ దరఖాస్తు తేల్చాలి. మూడోది సాదాతనం. 17వ సెక్షను న్యాయవాదుల ప్రవేశాన్ని నిషేధించింది. అయితే కేరళ హైకోర్టు 2021లో ఈ నిషేధాన్ని చెల్లనిదిగా ప్రకటించింది. పోషణ మొత్తానికి నెలకు 10,000 రూపాయల గరిష్ఠ పరిమితి పెట్టింది. వృద్ధులను పూర్తిగా విడిచిపెట్టాలన్న ఉద్దేశంతో దిక్కులేకుండా వదిలేస్తే 3 నెలల వరకు జైలు లేదా 5,000 రూపాయల వరకు జరిమానా లేదా రెండూ విధించవచ్చని 24వ సెక్షను చెబుతుంది.

చరిత్ర దృష్టితో చూస్తే వీటన్నిటికన్నా ముఖ్యమైనది 23వ సెక్షను. ఈ చట్టం వచ్చిన తర్వాత ఒక వయోవృద్ధుడు, అంటే 60 ఏళ్లు నిండినవారు, తన కనీసావసరాలు చూడాలన్న షరతుతో దానంగా గాని మరోవిధంగా గాని ఆస్తి బదిలీ చేసి, తీసుకున్నవారు ఆ షరతు నెరవేర్చకపోతే, ఆ బదిలీ మోసం వల్లనో, నిర్బంధం వల్లనో, అనుచిత ప్రభావం వల్లనో జరిగినట్టే భావించాలి. బదిలీ చేసినవారు కోరితే ట్రిబ్యునల్ దానిని చెల్లనిదిగా ప్రకటించవచ్చు.

ఈ మాటలు కొత్తవి కావు. మోసం, నిర్బంధం, అనుచిత ప్రభావం 1872 చట్టం పదాలే. కాని వాటి వాడుక మారింది. 1872 చట్టం సంతకం చేసిన రోజును ప్రశ్నించింది. 2007 చట్టం ఆ తర్వాతి రోజులను ప్రశ్నించింది. పత్రం రాసిన నాడు చెయ్యి వణికిందా అని కాక, రాసిచ్చిన తర్వాత అన్నం పెట్టారా అని అడిగింది. పెట్టకపోతే ఆనాటి సంతకాన్ని కూడా నిర్బంధమే అనుకోమంది. పోషణ, నిర్బంధం అనే రెండు దారులు ఇక్కడ కలిశాయి. నిరూపించడానికి అసాధ్యమైన భయానికి బదులు నిరూపించగల నిర్లక్ష్యాన్ని చట్టం ఆధారం చేసుకుంది.

6. షరతు వాక్యం మీద వచ్చిన వివాదం

కలిసిన దారికి అడ్డంగా ఒక గేటు మిగిలింది. షరతుతో బదిలీ జరిగి ఉండాలి. షరతు దస్తావేజులో రాసి ఉండాలా, ప్రేమతో రాసిచ్చిన పత్రంలో అది సహజంగానే ఉన్నట్టు భావించవచ్చా అన్న ప్రశ్నపై హైకోర్టులు విభేదించాయి. 2022 డిసెంబరు 6న సుప్రీంకోర్టు ఒక హర్యానా కేసులో కచ్చితమైన వైఖరి తీసుకుంది. ఒక తల్లి తన కూతుళ్లకు హక్కు విడుదల పత్రం రాసింది. అందులో ఆమెను చూసుకోవాలన్న షరతు లేదు. పిల్లల మీద ప్రేమతో, ప్రతిఫలం ఆశించకుండా ఆస్తి ఇవ్వడం సాధారణమేననీ, ప్రతి బదిలీకీ సేవ షరతు ఉందని ఊహించడం కుదరదనీ, షరతును చూపడమూ నిరూపించడమూ అవసరమనీ న్యాయస్థానం చెప్పింది.

2025 జనవరి 2న వచ్చిన తీర్పు ఈ కాఠిన్యాన్ని కొంత సడలించింది. మధ్యప్రదేశ్‌లోని ఛతర్‌పూర్‌కు చెందిన తల్లి 2019లో కొడుక్కి దాన దస్తావేజు రాసింది. చివరిదాకా చూసుకుంటానని, చూసుకోకపోతే దానం వెనక్కు తీసుకోవచ్చని కొడుకు మాట ఇచ్చినట్టు చెప్పే వాగ్దానపత్రం కూడా ఉంది. ఆ పత్రం కల్పితమని కొడుకు వాదించాడు. ట్రిబ్యునల్, కలెక్టరు, హైకోర్టు ఏక న్యాయమూర్తి తల్లి పక్షాన నిలవగా డివిజన్ బెంచి తిరస్కరించింది. ఈ చట్టం ప్రయోజనకరమైనది కాబట్టి దానిని ఉదారంగా అన్వయించాలని సుప్రీంకోర్టు చెప్పి, రెండు పత్రాలనూ కలిపి చదివి దానాన్ని రద్దు చేసింది. స్వాధీనం తిరిగి ఇప్పించే అధికారం కూడా ట్రిబ్యునల్‌కు ఉందని స్పష్టం చేసింది.

ఈ రెండు తీర్పుల మధ్య తేడా ఒక కాగితం. దస్తావేజులోనో, దానికి తోడుగానో ఆ మాట ఎక్కడో ఒకచోట రాసి ఉంటే తల్లి ఇల్లు తిరిగి వస్తుంది. లేకపోతే రాదు. ఇక్కడే చట్టం లోపలి వైరుధ్యం బయటపడుతుంది. ఇష్టపడి, ఆలోచించి, న్యాయవాదిని అడిగి రాసిచ్చిన తండ్రి దస్తావేజులో పోషణ షరతు ఉంటుంది. బెదిరింపుకు లొంగి రాసిచ్చిన తండ్రి దస్తావేజులో అది ఉండదు. ఎందుకంటే ఆ పత్రాన్ని రాయించింది లబ్ధిదారుడు. దస్తావేజు లేఖరికి రుసుము ఇచ్చింది అతడు. సాక్షులను పిలిచింది అతడు. కారులో సబ్ రిజిస్ట్రారు కార్యాలయానికి తీసుకువెళ్లింది అతడే. నిర్బంధాన్ని ఊహించుకోవడానికి వీలిచ్చిన 23వ సెక్షను, నిజమైన నిర్బంధం జరిగిన చోట తలుపు మూసుకుంటోంది. అటువంటివారికి మిగిలింది మళ్లీ 1872 నాటి దారి, సివిల్ కోర్టు, 3 సంవత్సరాల గడువు.

7. రిజిస్ట్రేషను గదిలో చట్టం చూపు

1908 రిజిస్ట్రేషను చట్టం ప్రకారం సబ్ రిజిస్ట్రారు పత్రం రాసిచ్చిన వ్యక్తి ఎవరో చూస్తాడు. తానే రాసిచ్చానని ఒప్పుకున్నారా అని అడుగుతాడు. ఎందుకు రాసిచ్చారు, ఇకపై ఎక్కడ ఉంటారు, మిమ్మల్ని ఎవరు చూస్తారు అన్న ప్రశ్నలు ఆ విచారణలో లేవు. కదలలేనివారికోసం ఇంటికే వచ్చి రిజిస్టరు చేసే సౌకర్యం 31వ సెక్షనులో ఉంది. అశక్తులకు మేలు చేయడానికి వచ్చిన ఆ సౌకర్యం, బెదిరించినవారి సమక్షంలోనే ఒప్పుకోలు చెప్పించే అవకాశంగా మారే ప్రమాదం ఉంది.

తెలుగు రాష్ట్రాల్లో తల్లిదండ్రులు పిల్లలకు ఆస్తి ఇచ్చేటప్పుడు సెటిల్‌మెంటు దస్తావేజు లేదా దాన దస్తావేజు వాడుక ఎక్కువ. ఈ పత్రాల్లో ప్రేమాభిమానాలతో ఇచ్చామన్న వాక్యం అలవాటుగా వస్తుంది. అదే వాక్యాన్ని చూపి 2022 తీర్పు వెలుగులో షరతు లేదని వాదించవచ్చు. జీవితాంతం నివాస హక్కు నిలుపుకుని, పోషణ షరతును ఒక్క వాక్యంగా చేర్చినా 23వ సెక్షను తలుపు తెరుచుకుంటుంది. పట్టాదారు పాసుపుస్తకంలో పేరు మార్చకముందే ఈ వాక్యం ఉందో లేదో చూసుకోవడం అవసరం.

ఈ ప్రాంతానికి మరో ప్రత్యేకత ఉంది. పిల్లలు విదేశాల్లో స్థిరపడిన కుటుంబాలు ఇక్కడ చాలా ఉన్నాయి. విదేశాల్లో ఉన్న భారత పౌరులకూ 2007 చట్టం వర్తిస్తుంది. సంతానం దేశం బయట ఉంటే సమన్లు అందించే పద్ధతినీ అది చెప్పింది. అయితే విదేశీ పౌరసత్వం తీసుకున్నవారి విషయంలో ఈ వర్తింపు ప్రశ్నార్థకమవుతుంది.

8. ఇంటి నుంచి తొలగింపు: రక్షణకు హద్దు

రాసివ్వని తల్లిదండ్రులకు వేరే సమస్య. ఇల్లు తమదే, కాని అందులో ఉన్న కొడుకు బెదిరిస్తున్నాడు. 2016 నవంబరులో ఢిల్లీ హైకోర్టు తల్లిదండ్రుల స్వార్జిత గృహంలో కొడుక్కి చట్టబద్ధమైన నివాసహక్కు లేదనీ, వారి దయ మీదే ఉండగలడనీ చెప్పింది. అదే ఏడాది ఢిల్లీ ప్రభుత్వం తన నియమావళిలో తొలగింపు విధానాన్ని చేర్చింది. కేంద్ర చట్టంలో మాత్రం తొలగింపు అన్న మాట లేదు.

2020 డిసెంబరు 15న సుప్రీంకోర్టు ఒక బెంగళూరు కేసులో ఈ అధికారానికి హద్దు గీసింది. వయోవృద్ధుల రక్షణకు అవసరమైతే ట్రిబ్యునల్ తొలగింపు ఆదేశం ఇవ్వవచ్చు. అయితే 2005 గృహహింస చట్టం ఇచ్చిన నివాసహక్కును కోడలి నుంచి లాగేసుకోవడానికి ఈ చట్టాన్ని సాధనం చేసుకోకూడదు. భార్యాభర్తల తగాదాలో అత్తమామల పేర ఆస్తి మార్చి, వారితో ఫిర్యాదు చేయించి కోడలిని బయటకు పంపే పద్ధతి న్యాయస్థానం దృష్టిలో పడింది. 2025 మార్చి 27న మరో కేసులో, తొలగింపు ప్రతిసారీ తప్పనిసరి కాదనీ పరిస్థితులను బట్టి నిర్ణయించాలనీ న్యాయస్థానం చెప్పింది. బలహీనులను కాపాడే చట్టం మరో బలహీనురాలి మీద పడకుండా చూడటం ఈ తీర్పుల సారం.

9. మిగిలిన ఖాళీలు

22వ సెక్షను వయోవృద్ధుల ప్రాణాన్నీ ఆస్తినీ కాపాడే సమగ్ర కార్యాచరణ ప్రణాళికను రాష్ట్రాలు రూపొందించాలని చెప్పింది. బెదిరింపును సంతకానికి ముందే ఆపగల నిబంధన ఇదే. 2018 డిసెంబరు 13న సుప్రీంకోర్టు వయోవృద్ధుల హక్కులపై ఇచ్చిన తీర్పులో ఈ చట్టం అమలుపై కేంద్ర రాష్ట్రాలకు ఆదేశాలిచ్చింది. 2019 డిసెంబరులో లోక్‌సభలో ప్రవేశపెట్టిన సవరణ బిల్లు 10,000 రూపాయల పరిమితిని తొలగించి, అల్లుళ్లను, కోడళ్లను బాధ్యుల్లో చేర్చి, ప్రతి పోలీసు స్టేషనులో వయోవృద్ధుల విషయాలు చూసే అధికారిని నియమించాలని ప్రతిపాదించింది. చట్టం కాకుండానే 17వ లోక్‌సభ ముగియడంతో ఆ బిల్లు మురిగిపోయింది.

10. ముగింపు

ఈ పరిశీలన నుంచి కొన్ని నిర్ధారణలకు రావచ్చు. ఆస్తి లేని తల్లి, అధికారం ఉన్న తండ్రి అన్న పాత కుటుంబ చిత్రం మీద పోషణ చట్టాలు నిర్మితమయ్యాయి. ఆస్తి ఉండి అధికారం లేని వృద్ధులు వచ్చేసరికి ఆ చట్టాలు చాలలేదు. 1872 చట్టం భయాన్ని గుర్తించినా నిరూపణ భారం వల్ల అది వృద్ధులకు అందుబాటులోకి రాలేదు. 2007 చట్టం ఆ భారాన్ని తేలిక చేసి పోషణనూ నిర్బంధాన్నీ కలిపింది. కాని షరతు వాక్యం లేని పత్రాల ముందు అది ఆగిపోతోంది.

ఈ ఖాళీని పూరించడానికి కొత్త సిద్ధాంతం అవసరం లేదు. 60 ఏళ్లు దాటినవారు వారసులకు రాసే దాన, సెటిల్‌మెంటు పత్రాలన్నింటిలో పోషణ షరతు ఉన్నట్టే భావించాలని, లేదని చెప్పేవారే దానిని నిరూపించుకోవాలని శాసనం చెబితే చాలు. 1872లోనే అనుచిత ప్రభావం విషయంలో లబ్ధిదారుని మీద పెట్టిన భారానికి ఇది కొనసాగింపు అవుతుంది. అంతవరకు, సబ్ రిజిస్ట్రారు కార్యాలయంలో వృద్ధుడిని కాసేపు కుటుంబానికి దూరంగా కూర్చోబెట్టి రెండు ప్రశ్నలు అడగడం, దస్తావేజు లేఖరులు ఆ ఒక్క వాక్యాన్ని అలవాటుగా రాయడం తక్షణం సాధ్యమయ్యే రక్షణలు. సంతకం అయిన తర్వాత ట్రిబ్యునల్ ఇవ్వగలిగేది పరిహారం. సంతకానికి ముందు దొరికేదే రక్షణ.